పాతబస్తీ పాదయాత్ర – ఒక విమర్శ

పూర్వము యాత్ర యనగా కాశీ రామేశ్వరములే. యాత్రికుడు నదిలో మునిగి, దేవుని దర్శించి, ప్రసాదము గైకొని ఇల్లు చేరెడివాడు. ఇప్పుడు మరియొక విధమగు యాత్ర బయలుదేరినది. ప్రాచీన నగరమున ఒక పేటను ఎన్నుకొని, దారి చూపువాడొకడు ముందు నడువగా, పదిమంది అతని వెంట సందుగొందులు తిరిగి, అచ్చటచ్చట ఆగి, ఆ పేట వంటకములను రుచి చూచి మరలుదురు. మూడు గంటలలో చరిత్రయు ముగియును, ఫలహారమును ముగియును.

ఇట్టి నడకలకు పేరుపొందిన చోట్లలో స్పెయిను దేశపు గ్రనాడా నగరమొకటి. అచ్చట అల్‌హంబ్రా కోటకు ఎదుటి కొండవాలున అల్‌బైసీన్ అను మూరుల పేట కలదు. ఇరుకు వీధులు, తెల్లని గోడలు, నీటితొట్లు, ఇంటింట తోట. 1492లో గ్రనాడా క్రైస్తవ రాజుల వశమయ్యెను. తరువాత ముసల్మానులను బలవంతముగా మతము మార్పించిరి. మారినవారి సంతతిని సైతము 1609 మొదలు 1614 లోపల దేశమునుండి వెడలగొట్టిరి. ఆ పేటను 1994లో ప్రపంచ వారసత్వ స్థలముల పట్టికలో చేర్చిరి. కట్టినవారు లేరు; కట్టడములు మిగిలినవి. వాటిని చూపి, బాదము తేనెల మిఠాయిలు తినిపించి, గతించినవారి కథ చెప్పుదురు. ఈ సంగతి చదువరులు గుర్తుంచుకొన ప్రార్థితులు. ముందు దీనితో పని యున్నది.

మన తెలుగు సీమలో ఇట్టి నడక హైదరాబాదు పాతబస్తీలో జరుగుచున్నది. దానిని చూచి వచ్చితిమి. చూచినదానిలోని గుణదోషములను విన్నవించుటయే ఈ వ్యాసోద్దేశము.

మేము పండితులము కాము. యస్.యస్.యల్.సి. గట్టెక్కి, సర్కారు కచేరీలో గుమాస్తాగా దస్త్రములు వ్రాసి విశ్రాంతి పొందినవారము. మేము హైదరాబాదు వెళ్ళుటకు కారణ మొకటి కలదు. చిక్కబళ్ళాపురము, చింతామణి, బాగేపల్లి ప్రాంతముల యువకులు కొందరు, మన ఊళ్ళలోను ఇట్టి నడకలు ఏర్పరచి మన చరిత్రను, మన వంటలను పైవారికి చూపుదమని తలపెట్టిరి. కరపత్రపు చిత్తుప్రతి నొకటి వ్రాసి, దిద్దిపెట్టుమని మా చేతికిచ్చిరి. దిద్దుటకు ముందు అసలైన నడక ఎట్లుండునో చూడవలెనని, మనుమని వెంటబెట్టుకొని బయలుదేరితిమి.

మొదట మంచిని చెప్పుట ధర్మము. ప్రొద్దుపొడుపు వేళ చార్మినారు కడకు రమ్మనుట మిక్కిలి తెలివైన ఏర్పాటు. అంగళ్ళు తెరువని ఆ గడియలో 1591 నాటి ఆ కట్టడము యొక్క ఆకారము కనులకు నిండుగా కనిపించును. నాలుగు కమానులు, వాటి నడుమ గుల్జారు హౌజు అను నీటితొట్టి, నాలుగు దిక్కులకు సాగిన రాజవీధులు – నగరమును ముందుగా కాగితముపై గీచి తరువాత కట్టిరని అచ్చట నిలిచిన పామరునకును తెలియును. దారి చూపిన యువకుడు తేదీలలో తప్పలేదు. మక్కా మసీదు కుతుబ్‌షాహీల కాలమున మొదలై, ఔరంగజేబు గోలకొండను గెలిచిన పిమ్మట 1694లో ముగిసెనని సరిగానే చెప్పెను. చౌమహల్లా భవనపు పునరుద్ధరణమునకు 2010లో యునెస్కో పురస్కారము వచ్చిన సంగతియు చెప్పెను. అతని ఉర్దూ ఉచ్చారణ వినసొంపుగా నుండెను.

ఇక దోషములు. దస్త్రమున నడిమి పుటలు చినిగినచో మిగిలిన పుటలు ఎంత శుభ్రముగా నున్నను అది పనికిరాదు. ఈ నడకలో చినిగిన పుట తెలుగు. నగరము కట్టించిన మహమ్మదు కులీ తండ్రియగు ఇబ్రహీం కుతుబ్‌షా, రాజ్యమునకు రాకముందు ఏడేండ్లు విజయనగరమున అళియ రామరాయల ఆశ్రయమున నుండెను. అచ్చట తెలుగు రుచి మరిగి, 1550లో గద్దె నెక్కిన పిమ్మట తెలుగు కవులను పోషించి, వారి నోట మల్కిభరాముడాయెను. అద్దంకి గంగాధరకవి తపతీ సంవరణోపాఖ్యానము నతని కంకితమిచ్చెను. పటాన్‌చెరువు నేలిన అమీన్‌ఖానునకు పొన్నగంటి తెలగనార్యుడు యయాతి చరిత్రమును అంకితమిచ్చెను. అచ్చతెలుగు కావ్యములలో అది మొదటిది. ఆ ఇబ్రహీమే 1565లో రామరాయలపై కత్తి యెత్తిన సుల్తానులలో ఒకడనుటయు దాచరాదు. తరువాతి గోలకొండ ప్రభువుల ఫర్మానాలు పారసీకమునను తెలుగునను కూడ వెలువడెను. ఇందొక్క మాటయు ఆ మూడు గంటలలో మా చెవిని పడలేదు. తెలుగువారి రాజధానిలో తెలుగు పుట లేకుండుట చిన్న లోపము కాదు.

పేరు సంగతి వచ్చినపుడు అతడు భాగమతి కథను చెప్పి, నగరమునకు భాగ్యనగరమను పేరు వచ్చుటకు ఆమెయే కారణమనెను. ఆ కథను చరిత్రకారులందరు అంగీకరింపలేదని చెప్పియుండిన బాగుండెడిది. మాకు మాత్రము వేరొక తలపు కలిగెను. 2025 జూలైలో నందికొండపై కూడిన కర్ణాటక మంత్రివర్గము మన బాగేపల్లికి భాగ్యనగరమను పేరు పెట్ట నిర్ణయించినది గదా. ఇక నూరేండ్లకు మన ఊరిలోను ఏ కథ అల్లి ఎవరు చెప్పుదురో యనుకొంటిమి.

లాడ్ బజారులో జరిగినది కొంత విపులముగా చెప్పవలసియున్నది. అది గాజుల వీధి. లక్కను బొగ్గుల సెగపై మెత్తబరచి, రంగు కలిపి, సన్నని కడ్డీవలె సాగదీసి, వంచి అతికి, కొయ్య అచ్చున కొలతకు తెచ్చి, మరల వెచ్చజేసి, అద్దపు రాళ్ళను ఒక్కొక్కటిగ అదుముదురు. హైదరాబాదు లక్కగాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు లభించినది. ఒక వృద్ధుడు అంగడి ముందు కుంపటి పెట్టుకొని ఆ పని చేయుచుండెను. మా దారి చూపువాడు అతని ముందే నిలిచి, “నిజాముల కాలంలో ఇక్కడ లక్కగాజులు చేసేవారు” అని ఉపన్యసించెను. మనుమడు మా చేయి లాగి, “తాతా, ఆయన ఇప్పుడు చేస్తా ఉండాడు కదా?” అని అడిగెను.

ఆ పసివాని ప్రశ్న మా కనులు తెరిపించెను. అంతటినుండి అతని మాటలలోని క్రియలను లెక్కింప మొదలిడితిమి. ఉండెడివారు, చేసెడివారు, తినెడివారు, మాటాడెడివారు. అన్నియు గతకాలపు క్రియలే. ఎదుట మనుష్యులు తలుపులు తెరచుచు, బడికి పిల్లలను పంపుచు, పాలు కాచుచు నుండగా, వారందరు కాలధర్మము నొందినట్లు కథ సాగుచుండెను. గ్రనాడా మూరుల పేటలో గతకాలపు క్రియ న్యాయమే. అచ్చటి జనమును తరిమివేసిరి. ఆ నగరమున అయిదు వందల ఏండ్లకు పైగా కడచిన పిమ్మట, 2003లో గాని మరల పెద్ద మసీదు తెరువలేదు. పాతబస్తీ అట్టిది కాదు. జనము నిండియున్న పేటను జనము లేని పేటవలె చూపుట ఈ నడకయొక్క మూలదోషమని మా తీర్మానము.

జనముతో మాటాడిన ఏమగునో కూడ చెప్పెదము. మేము ఆ వృద్ధుని పలుకరించితిమి. అతడు తల యెత్తి, “మీ తెలుగు వేరే తీర్గ ఉన్నది. ఏ ఊరు మీది, పెద్దాయనా?” అనెను. చింతామణి దగ్గరయని చెప్పితిమి. “కర్ణాటకల గూడ తెలుగు మాట్లాడ్తరా?” అని ఆశ్చర్యపడెను. మా సీమలో కైవారము తాతయ్య యని ఒక యోగి యుండెననియు, యోగి కాకముందు ఊరూర గాజులమ్మి బ్రతికెననియు, తెలుగునను కన్నడమునను పదములు చెప్పెననియు చెప్పితిమి. “గాజులాయన స్వామి అయిండా!” అని అతడు నవ్వి, మనుమని చేతిలో ఒక రాళ్ళులేని గాజు పెట్టి, “అమ్మకియ్యి బేటా” అనెను. అంతలో ముందునుండి దారి చూపువాడు చప్పట్లు చరచి పిలిచెను. ఫలహారపు వేళ మించుచున్నదట.

ఆ ఫలహారమును గూర్చి. పాతబస్తీ ఉదయపు భోజనము కిచిడీ, ఖీమా, ఖట్టా. మాలో నలుగురు శాకాహారులు. మీకిచ్చట ఇరానీ చాయ, ఉస్మానియా బిస్కత్తు తప్ప మరేమియు లేదని దారి చూపువాడు తేల్చివేసెను. అది పొరపాటు. ఖట్టా యనునది చింతపండు పులుసు. నువ్వులు, ఉల్లి, మిరప చేరినది. మన పచ్చిపులుసునకు తోబుట్టువు. కిచిడీ పప్పును బియ్యమును కలిపిన వంటకమే. ఆ రెండును అడిగి తెప్పించుకొని తింటిమి, కడుపు నిండెను. బగారా బైంగనులోని వేరుసెనగ, నువ్వు, కొబ్బెర, చింతపండు మన గుత్తివంకాయలో లేనివా? హలీమునకు మూలమగు హరీసు అరబ్బుల వంటకము, చాయ ఇరానీయులది, మిరప అమెరికా ఖండమునుండి పోర్చుగీసువారి ఓడలలో వచ్చినది. ఏ రుచి ఎచ్చటినుండి వచ్చి ఏ రుచితో వియ్యమందెనో చెప్పుటయే తిండి నడకకు ప్రాణము. అది విడిచి, ఈ పళ్ళెము ఫొటో తీసికొనుడు, ఇచ్చట బాగుండునని చెప్పుట పూటకూళ్ళ యింటి పట్టిక చదువుటయే.

ఇల్లు చేరి, చిక్కముడి విప్పుదమని యువకుల చిత్తుప్రతిని తెరచితిమి. రెండవ వాక్యముననే ఇట్లున్నది: ‘ఒకప్పుడు ఈ ప్రాంతమున తెలుగు విస్తారముగా వాడుకలో నుండెను.’ వెళ్ళుటకు ముందు ఈ వాక్యమును చదివియు మాకు తప్పు తోచలేదు. తలయూచి ముందుకు సాగితిమి. ఇప్పుడు సిగ్గుపడితిమి. రాష్ట్రమున మనము అల్పసంఖ్యాకులమే. అయినను బాగేపల్లి సంతలో బేరమాడునది ఏ భాష? పొలమున ఎద్దును అదలించునది ఏ భాష? చింతామణి బజారులో ఇంట దక్కనీ పలుకు సాయిబులు గిరాకీతో మాటాడునది ఏ భాష? మన బ్రతికియున్న పలుకును మన చేతులతోనే గతకాలములో వ్రాసికొంటిమి. పాతబస్తీ యువకుని తప్పు పట్టుటకు మాకేమి యర్హత?

ఇంతకంటె కష్టమైన మాట యొకటి కలదు. ఆ వాక్యమును మనుమని చదువుమంటిమి. వాడు తెలుగు గడగడ మాటాడును. కన్నడము, ఇంగ్లీషు చదువును. తెలుగు అక్షరము మాత్రము రాదు. కన్నడ లిపికి దగ్గరగా నుండుటచే నాలుగైదు అక్షరములు గుర్తించి ఆగిపోయెను. కావున ఆ వాక్యము నేడు అబద్ధమైనను, మనము ఏమరినచో ఇరువది యేండ్లకు నిజమగును. తప్పు వాక్యమును కొట్టివేసినంత మాత్రమున చాలదు.

మన ఊళ్ళ నడకను గూర్చి మా సూచనలు కొలదివి. చిత్తుప్రతిలోని క్రియలను వర్తమానమునకు మార్చవలెను. దారి చూపువాడు ఒక్కడే మాటాడరాదు. కుమ్మరి, గాజులామె, పూలమ్మునామె తమ పనిని తామే చెప్పవలెను. వారి శ్రమకు రుసుములో పాలు ఈయవలెను. కైవారముతోబాటు హిందువులును ముసల్మానులును మ్రొక్కు మురుగమల్ల దర్గాను తప్పక చూపవలెను. తెలుగునకు ఎత్తుపీట వేసి కన్నడమును మరుగుపరచిన, పాతబస్తీలో మనకు జరిగిన లోపమునే మనము పొరుగువారికి చేసినవారమగుదుము. కావున రెండు భాషలలోను చెప్పవలెను. రాగిసంకటిని, ఉలవచారును నిలుచుండబెట్టి కాక, చాపపై కూర్చుండబెట్టి వడ్డింపవలెను. చివర, నడకకు వచ్చిన మన పిల్లలకు ఒక గడియ తెలుగు అక్షరములు దిద్దించు ఏర్పాటు ఉండవలెను.

చిత్తుప్రతిని దిద్ది యువకులకు మరల నిచ్చితిమి. దిద్దినది మనుమడు ప్రక్కన కూర్చుండి చూచెను. వానికి ప్రతిదినము సాయంత్రము పలకపై అక్షరములు నేర్పుచున్నాము. ఈ సంచిక అచ్చగునాటికి గుణింతములలో నున్నాడు. గాజును వాని తల్లి తొడుగుకొన్నది.