వచ్చినవాళ్ల కథ, ఉన్నవాళ్ల కథ

అమెరికా గురించి మనం తెలుగులో చదివినవి ఎక్కువగా రెండు రకాల కథలు. మొదటిది, ఓడ ఎక్కో విమానం ఎక్కో అక్కడికి వెళ్లి, కష్టపడి, ఇల్లూ పేరూ సంపాదించుకుని అమెరికన్లు అయినవాళ్ల కథ. అక్కడ స్థిరపడిన తెలుగువాళ్లు రాసే కథలు కూడా చాలావరకు ఈ వరసలోవే. రెండోది, సంకెళ్లు వేసి ఓడల్లో తీసుకుపోయిన ఆఫ్రికన్ల కథ. అలెక్స్ హేలీ రాసిన 'రూట్స్'ను సహవాసి 'ఏడు తరాలు' పేరుతో తెలుగు చేశాక ఆ కథ మనలో చాలామందికి సొంత కథ అయిపోయింది.

ఈ రెండు కథలకూ మధ్య ఎంత దూరం ఉన్నా ఒక పోలిక ఉంది. రెండింటిలోనూ మనుషులు ఎక్కడినుంచో వస్తారు. వచ్చినచోట మాకు స్థానం ఉందా అని అడుగుతారు. మూడో కథ ఒకటుంది. వీళ్లందరికంటే ముందునుంచీ అక్కడే ఉన్నవాళ్ల కథ. వాళ్ల ప్రశ్న తిరగబడి ఉంటుంది: మేం ఎక్కడికీ పోలేదే, మరి మా నేల మీద మేం పరాయివాళ్లం ఎప్పుడయ్యాం? ఈ ప్రశ్న విన్న ఆదివాసీకి అది ఎక్కడో దూరదేశపు ప్రశ్నలా అనిపించదు. అందుకే అక్కడి మూలవాసుల నవలల్ని, సినిమాల్ని, విమర్శను మన యువత చదవాలని, మన ఉపాధ్యాయులు తరగతిలో మాట్లాడాలని మేము కోరుతున్నాం.

ముందుగా ఒక మాట సంగతి తేల్చుకోవాలి. అక్కడ రిజర్వేషన్ అంటే చదువులో, ఉద్యోగంలో కోటా అని అర్థం కాదు. ఒక తెగకు ప్రభుత్వం హద్దులు గీసి వదిలిన నేల. ఆ నేలనైనా వదల్లేదు. 1887లో వచ్చిన డాస్ చట్టం తెగ ఉమ్మడి భూమిని కుటుంబాలవారీగా ముక్కలు చేసి, మిగిలింది అని లెక్కగట్టిన భూమిని తెల్లవాళ్లకు తెరిచింది. పిల్లల్ని తల్లిదండ్రులకు దూరంగా పెట్టి, జుట్టు కత్తిరించి, సొంత భాష మాట్లాడితే శిక్షించిన బడులు వచ్చాయి. 1879లో పెన్సిల్వేనియాలో మొదలైన కార్లైల్ బడి వాటికి నమూనా. మనిషిని సగం రక్తం, పావు రక్తం అని కొలిచే లెక్కలు వచ్చాయి. ఇంత జరిగాక, 1924లో, వాళ్లందరికీ అమెరికా పౌరసత్వం ఇస్తున్నామని చట్టం చేశారు. అప్పటికే మొదటి ప్రపంచ యుద్ధంలో వాళ్ల పిల్లలు ఆ దేశం తరఫున పోరాడి చనిపోయారు.

చట్టం ఇలా కొలుస్తుంటే సినిమా ఇంకోలా కొలిచింది. జాన్ ఫోర్డ్ తీసిన 'ది సెర్చర్స్' (1956) గొప్ప చిత్రమని ప్రపంచమంతా చెప్పుకుంటుంది. అందులో కొమాంచీ నాయకుడి వేషం వేసింది జర్మనీలో పుట్టిన హెన్రీ బ్రాండన్. సినిమా తీసింది నవాహోల నేల మీద, వెనక గుంపులో కొమాంచీలుగా నిలబడింది నవాహో మనుషులు. ఒక తెగ నేల, ఇంకో తెగ పేరు, ముందు నిలబడి మాట్లాడేది యూరప్ ముఖం. ఈకలు కట్టి, ఆకులు చుట్టి, అర్థంలేని కూతలు పెట్టించి ఆదివాసీల్ని చూపించే మన తెలుగు సినిమాలు చూసినవాళ్లకు ఈ పద్ధతి కొత్తగా చెప్పనక్కర్లేదు.

దీనికి జవాబు 1998లో వచ్చింది. షయాన్, అరాపహో తెగలకు చెందిన క్రిస్ ఐర్ దర్శకత్వంలో 'స్మోక్ సిగ్నల్స్' అనే చిన్న సినిమా. విక్టర్, థామస్ అనే ఇద్దరు కుర్రాళ్లు ఐడహోలోని తమ రిజర్వేషన్ నుంచి ఆరిజోనాకు బస్సులో బయల్దేరతారు. చనిపోయిన విక్టర్ తండ్రి చితాభస్మం తెచ్చుకోవాలి. దారిలో విక్టర్, థామస్‌కు పాఠం చెప్తాడు: నిజమైన ఇండియన్‌లా కనబడాలంటే నవ్వకూడదు, యోధుడిలా ముఖం పెట్టాలి, ఇప్పుడే అడవిదున్నను వేటాడి వచ్చినట్టు ఉండాలి. థామస్ అమాయకంగా అంటాడు, మన తెగవాళ్లు చేపలు పట్టేవాళ్లు కదా అని. మనం నవ్వుతాం. కానీ ఆ నవ్వులో ముల్లుంది. తమను చూసి బయటివాళ్లు తయారుచేసిన బొమ్మను చూసి, తాము ఎలా ఉండాలో నేర్చుకుంటున్న పిల్లలు వాళ్లు. థామస్ కోటు తీసేసి, జడలు విప్పుకుని, చెప్పినట్టే 'యోధుడి'లా బస్సెక్కుతాడు. అప్పటికే వాళ్ల సీట్లలో ఇద్దరు తెల్లవాళ్లు కూర్చుని ఉంటారు. లేవరు. వేషం మార్చినంత మాత్రాన చోటు దొరకదని దర్శకుడు ఉపన్యాసం లేకుండా చెప్పేశాడు.

నవలల్లోకి వస్తే, మొదట చెప్పుకోవలసింది కయోవా రచయిత ఎన్. స్కాట్ మోమడే రాసిన 'హౌస్ మేడ్ ఆఫ్ డాన్' (1968). దీనికి 1969లో పులిట్జర్ బహుమతి వచ్చింది. కథానాయకుడు ఏబెల్ రెండో ప్రపంచ యుద్ధం నుంచి న్యూ మెక్సికోలోని తన ప్యూబ్లో ఊరికి తిరిగొస్తాడు. తాగి బస్సు దిగుతాడు, ఎదురొచ్చిన తాతను గుర్తుపట్టడు. హత్య చేసి జైలుకు పోతాడు, తర్వాత లాస్ ఏంజిలిస్‌లో బతకలేక దెబ్బలు తిని మళ్లీ ఊరు చేరతాడు. తాత చనిపోయిన ఉదయం, పూర్వం తాత పరిగెత్తిన దారిలోనే తనూ పరిగెత్తడం మొదలుపెడతాడు. నవల అక్కడ ఆగిపోతుంది. మోమడే ఒక సూక్ష్మమైన సంగతి కూడా చెప్పాడు: ఏబెల్ తండ్రి ఎవరో తెలియదు, వేరే తెగవాడై ఉంటాడు. అందువల్ల సొంత ఊరే అతన్ని కాస్త పరాయిగా చూసింది. పరాయితనం ఎప్పుడూ బయటినుంచే రాదు.

గొప్ప నవలే అయినా మాకు దీనితో ఒక పేచీ ఉంది. ఏబెల్ దాదాపు మాట్లాడడు. అతని గాయానికి మందు ఊరు తిరిగి చేరడం ఒక్కటే అన్నట్టు ఉంటుంది. ఊరు లేనివాడు, ఉన్నా తిరిగి పోలేనివాడు ఏం చేయాలి?

లగూనా ప్యూబ్లో రచయిత్రి లెస్లీ మార్మన్ సిల్కో 'సెరిమనీ' (1977)లో ఒక అడుగు ముందుకు వేసింది. ఇందులో టేయో కూడా యుద్ధం నుంచి వచ్చినవాడే. తల్లి లగూనా, తండ్రి తెల్లవాడు. పెంచిన పెద్దమ్మ ఆ సంగతి అతన్ని మరిచిపోనివ్వదు. యుద్ధానికి వెళ్లొచ్చిన అతని తోటి కుర్రాళ్లు తాగుతూ ఒకే కథ మళ్లీ మళ్లీ చెప్పుకుంటారు: యూనిఫాం ఒంటి మీద ఉన్నప్పుడు నగరంలో తెల్లవాళ్లు ఎంత మర్యాద చేశారో. యూనిఫాం విప్పగానే ఆ మర్యాద పోయింది. పౌరుడిగా ఉండటానికీ, ప్రాణం ఇవ్వడానికి మాత్రమే పనికిరావడానికీ ఉన్న తేడాను ఇంత చేదుగా చూపిన ఘట్టాలు తక్కువ.

టేయోకు పాత పద్ధతి వైద్యం సరిపోదు. చివరికి బెటోనీ అనే వైద్యుడు దొరుకుతాడు. ఇతనిదీ కలిసిన రక్తమే. ఇతని ఇంట్లో మూలికల పక్కన పాత క్యాలెండర్లు, టెలిఫోన్ డైరెక్టరీలు గుట్టలుగా ఉంటాయి. తంతు మారాలి, మారకపోతే చచ్చిపోతుంది అన్నది అతని నమ్మకం. అంటే సంస్కృతి స్వచ్ఛంగా, కదలకుండా ఉండాలని కోరేది ఎవరు? మ్యూజియంవాళ్లు. బతికేవాళ్లకు అది రోజూ కొత్తగా కట్టుకోవలసిన ఇల్లు. కలిసిన రక్తపు టేయోనే మామయ్య పశువుల్ని తెల్ల భూస్వామి కంచెలోంచి విడిపించి తెస్తాడు. అతను ఊరివాడైంది అప్పుడు. అతని రక్తం ముందు ఎంతుందో తర్వాతా అంతే ఉంది. మారింది అతను మోసిన బాధ్యత.

ఇక్కడొక విమర్శను దాటిపోకూడదు. లగూనా మూలాలున్న విమర్శకురాలు పౌలా గన్ ఆలెన్ ఈ నవల మీద 1990లో ఒక అభ్యంతరం లేవనెత్తింది. వంశంలోనే ఉండవలసిన కథను సిల్కో పుస్తకంలో పెట్టేసిందనీ, దాన్ని తరగతిలో ఎలా బోధించాలో తనకు తెలియడంలేదనీ ఆమె బాధ. మన పురాణాలు, మొక్కుల పాటలు సేకరించి అచ్చువేస్తున్న ఈ కాలంలో ఈ చర్చ మనకు చాలా అవసరం. ఏ కథ అందరిదీ, ఏ కథ ఏ ఇంటిపేరువాళ్లదీ, ఏది ఏ రుతువులోనే చెప్పాలి అన్నది పెద్దల్ని అడగకుండా రాయడం మనం చేసినా దోపిడీకి దగ్గరగానే ఉంటుంది. అలాగని రాయకుండా వదిలేస్తే, చెప్పే పెద్దలు పోయాక మిగిలేది ఏమిటన్న సిల్కో పక్షపు ప్రశ్నా గట్టిదే. మా తీర్పు ఇది: రాయాలి, అడిగి రాయాలి, కొన్ని రాయకుండా ఉంచాలి.

లూయీ ఎర్డ్రిక్ 'ది నైట్ వాచ్‌మన్' (2020) ఇంకో రకం ప్రమాదాన్ని చూపిస్తుంది. 2021లో దీనికీ పులిట్జర్ వచ్చింది. 1953లో అమెరికా కాంగ్రెస్ ఒక తీర్మానం చేసింది: తెగలకున్న ప్రత్యేక హోదా తీసేసి వాళ్లను ప్రభుత్వ పర్యవేక్షణ నుంచి 'విముక్తుల్ని' చేద్దామని. మాట ఎంత తియ్యనిది! అర్థం మాత్రం ఒప్పందాలు రద్దు, భూమికి రక్షణ రద్దు, తెగ అనే గుర్తింపే రద్దు. ఎర్డ్రిక్ తాత పాట్రిక్ గోర్నో, టర్టిల్ మౌంటెన్ చిప్పెవాల నాయకుడు, ఒక కర్మాగారంలో రాత్రి కాపలాదారు. ఆయన నమూనాగా అల్లిన పాత్ర థామస్ రాత్రంతా ఫ్యాక్టరీలో కూర్చుని ఆ బిల్లును అక్షరం అక్షరం చదువుతాడు, ఉత్తరాలు రాస్తాడు, ఊరివాళ్లను కూడగట్టుకుని వాషింగ్టన్ వెళ్లి సాక్ష్యం చెప్తాడు. కత్తి లేదు, గుర్రం లేదు. చదవడం, రాయడం, నిద్ర ఆపుకోవడం. ఆ కాలంలో వందకు పైగా తెగలు గుర్తింపు పోగొట్టుకున్నాయి, టర్టిల్ మౌంటెన్ నిలబడింది. చట్టం చదవగలిగిన ఒక్క మనిషి ఊరికి ఎంత బలమో తెలియాలంటే మన యువత చదవవలసిన నవల ఇది. మనకూ 1/70 చట్టం ఉంది. అది ఏం చెప్తుందో మనలో ఎంతమంది చదివాం?

రక్తం కొలత ఎంత దూరం పోతుందో మార్టిన్ స్కోర్సేసీ తీసిన 'కిల్లర్స్ ఆఫ్ ది ఫ్లవర్ మూన్' (2023) చూపించింది. 1920లలో ఓక్లహోమాలోని ఓసేజ్ తెగకు చమురు డబ్బు వచ్చింది. సగం గానీ అంతకు మించి గానీ ఇండియన్ రక్తం ఉన్న ఓసేజ్‌లు తమ డబ్బు తాము చూసుకోలేని అసమర్థులని చెప్పి తెల్ల సంరక్షకుల్ని పెట్టారు. ఆ డబ్బు కోసం పెళ్లిళ్లు చేసుకుని మరీ చంపారు. మాలీగా లిలీ గ్లాడ్‌స్టన్ నటన మరిచిపోలేం. అయినా సినిమా ఎక్కువసేపు హంతకుడైన భర్త మనసులోనే తిరుగుతుంది. ఈ కథ మాలీ వైపు నుంచి ఉంటే బాగుండేదని, ఆ సినిమాకు ఓసేజ్ భాషా సలహాదారుగా పనిచేసిన ఒకరే బయటికి చెప్పారు. మంచి మనసున్న బయటివాడు చెప్పినా, చెప్పే చోటు మారకపోతే కథ మధ్యలో మనం ఉండం.

చివరగా, మన యువతకు అన్నింటికంటే దగ్గరైన పుస్తకం టామీ ఆరెంజ్ రాసిన 'దేర్ దేర్' (2018). ఇది ఓక్లండ్ నగరంలో పుట్టి పెరిగిన మూలవాసుల కథ. 1956 చట్టంతోనూ అంతకుముందు పథకాలతోనూ వాళ్ల పెద్దల్ని నగరాలకు తరలించారు, అక్కడ కరిగిపోతారని. కరగలేదు. పద్నాలుగేళ్ల ఆర్విల్‌కు తెగ నాట్యం నేర్పేవాళ్లు ఇంట్లో లేరు. యూట్యూబ్ చూసి నేర్చుకుంటాడు. పెద్దావిడ దాచిన ఆట దుస్తులు రహస్యంగా వేసుకుని అద్దంలో చూసుకుంటే తనకే అది వేషంలా అనిపిస్తుంది. ఆ అద్దం ముందు మన పిల్లలు ఎందరు నిలబడ్డారో! విశాఖలోనో హైదరాబాద్‌లోనో హాస్టల్లో పెరిగి, కోయ, గోండి, కువి రాక, పండక్కి ఊరెళితే డప్పు దరువుకు అడుగు కలవక, నేను ఆదివాసీనేనా అని లోపల కుమిలే పిల్లలు. ఆరెంజ్ వాళ్లను గద్దించడు, ఓదార్చడు కూడా. నగరమూ నేలే అంటాడు. యూట్యూబ్‌లో నేర్చుకున్న అడుగు కూడా అడుగే అన్నట్టు రాస్తాడు. చివర కాల్పుల ఘట్టం నేర సినిమాలా అనిపించి మాకు కొంత అసంతృప్తి మిగిలింది. ఆర్విల్ మాత్రం మనతో ఉండిపోతాడు.

అయితే కాగితమూ ముఖ్యం కాదు, రక్తమూ ముఖ్యం కాదంటే, రేపు ఎవరైనా వచ్చి నేనూ ఆదివాసీనే అనరా? అంటారు. అక్కడా అన్నారు. వైన్ డెలోరియా జూనియర్ 1969లో రాసిన 'కస్టర్ డైడ్ ఫర్ యువర్ సిన్స్'లో ఈ సంగతిని ఎంత హాస్యంగా చెప్పాడంటే: తనను కలిసిన తెల్లవాళ్లలో చాలామందికి ఒక ఇండియన్ నాయనమ్మో అమ్మమ్మో ఉంటుందట, తాత మాత్రం ఎప్పుడూ ఉండడట. నకిలీ ఎస్టీ ధ్రువపత్రాలతో సీట్లు, ఉద్యోగాలు పోగొట్టుకుంటున్న మనకు ఈ హాస్యం వెనక నొప్పి తెలుసు. కాబట్టి ధ్రువపత్రం వద్దని మేము అనం. హక్కు దానితోనే వస్తుంది, దాన్ని కాపాడుకోవాలి. కానీ మనం ఎవరిమో అది చెప్పదు. అక్కడి మూలవాసులు అడిగే ప్రశ్న మేలైనది: నువ్వు ఎవరినని చెప్పుకుంటున్నావు అన్నది తర్వాత, నిన్ను తమ మనిషి అని ఎవరు చెప్తున్నారు? టేయోను, థామస్‌ను ఊరు తమవాళ్లు అంది, వాళ్లు ఊరి కోసం ఏదో మోశారు గనుక.

అనిషినాబే విమర్శకుడు జెరాల్డ్ విజనర్ వాళ్ల సాహిత్యాన్ని చదవడానికి ఒక మాట ఇచ్చాడు, సర్వైవెన్స్ అని. చావకుండా మిగలడం, ఎదురు నిలవడం, రెండూ అందులో ఉన్నాయి. మిగిలిపోయినవాళ్లుగా, జాలిపడదగిన చివరివాళ్లుగా మమ్మల్ని రాయకండి అని దాని అర్థం. ఉపాధ్యాయులకు మా విన్నపం కూడా ఇదే. మన ఆశ్రమ పాఠశాల కార్లైల్ బడి కాదు. కానీ ఆ బడిలో పిల్ల తన భాషలో ఒక కథ చెప్తే వినేవాళ్లు ఉన్నారా అన్న ప్రశ్న రెండింటికీ ఒకటే. వారానికి ఒక గంట, పిల్లలు ఇంట్లో విన్న కథ ఇంటి భాషలోనే చెప్పమనండి. భాష రాని పిల్లను పక్కన పెట్టకండి, అమ్మమ్మను అడిగి రమ్మనండి. ఆ అడగడంలోనే ఆ పిల్ల ఊరిది అవుతుంది.