తులనకు అందని లేమి: కామాఠీపురపు తెలుగు స్త్రీల శ్రమజీవనముపై ఒక విమర్శ

లేమి రెండు తెఱగులు. కూడు, గూడు లేకపోవుట యొకటి. ఇరుగుపొరుగున గలది తనకు లేకపోయెనే యను కొఱత రెండవది. ఈ రెండవదానిని మనము 'సాపేక్ష లేమి' యని వ్యవహరింపవచ్చును. 1949లో సామ్యూల్ స్టౌఫరు, అతని సహచరులు అమెరికా సైనికులనుగూర్చి ప్రకటించిన గ్రంథమున ఒక వింత కనబడినది. పదోన్నతులు విరివిగా లభించు వైమానిక దళమువారికంటె, అవి మిక్కిలి అరుదైన సైనిక పోలీసు దళమువారే ఆ విషయమున ఎక్కువ తృప్తులై యుండిరి. తోడివారందఱకును దొరకి తనకు దొరకనిది ముల్లువలె గ్రుచ్చును. ఎవ్వరికిని దొరకనిది లోటుగానే తోచదు.

మనుజుడు తన్ను తనవంటివారితోనే పోల్చి చూచుకొనునని లియాన్ ఫెస్టింగరు 1954లో ప్రతిపాదించెను. తన యొక్కని కొఱత వేఱు, తన వర్గమున కెల్ల గల కొఱత వేఱు అని 1966లో రన్సిమన్ విభజించెను. ఈ విచారమును ఉద్యోగినులకు అన్వయించినది ఫే క్రాస్బీ. 1982లో వెలువడిన ఆమె గ్రంథము బోస్టను సమీపమున గల న్యూటన్ పట్టణపు స్త్రీపురుషులను పరిశీలించినది. సమానమైన హోదాగల కొలువులలో ఆ స్త్రీలకు పురుషులకంటె తక్కువ జీతములు వచ్చుచుండెను. లోకములో స్త్రీలకు అన్యాయము జరుగుచున్నదని వారే యొప్పుకొనిరి. కాని 'నీ సంగతి యేమి?' యని యడిగినచో, 'నాకేమియు లోటు లేదు' అనిరి. ఈ సిద్ధాంతమును నేను త్రోసిపుచ్చుట లేదు. మన చాళ్ల గడపనుండి చూచినపుడు దానిలో ఒక ముఖ్యమైన యంశము లోపించిన దని మాత్రము మనవి చేయుచున్నాను.

ముంబయి ద్వీపములను కలుపు వెల్లార్డు కట్ట 18వ శతాబ్ది యుత్తరార్ధమున ఏర్పడి, పల్లపు నేలలు ఆరిన పిమ్మట, నిజాము రాజ్యమునుండి వచ్చిన తెలుగు కూలీలు అచ్చట కాపురముండిరి. వారికి కామాఠీలని పేరు. వారి పేటకు కామాఠీపురమని పేరు. ఆ మహానగరపు కట్టడములలో వీరి చెమట కలిసినదని మన సంఘముల సంచికలన్నియు సగర్వముగా వ్రాయుచుండును. వ్రాయవలసినదే. అయితే ఆ చెమటలో సగము ఆడువారిది. గోడ కట్టినవాడు మేస్త్రీ. అతనికి ఇటుక, సున్నము అందించినది తట్ట మోయునది. మొదటివాని కూలికిని, రెండవదాని కూలికిని గల యంతరమును 'పనితనపు' టంతరమని లోకము సమాధానపడినది. తాపీ ఆమె చేతి కెప్పుడును ఇయ్యలేదు గనుక పనితనము వచ్చుటకు త్రోవయే లేదు. (మేస్త్రీ యను మాటకు నేటికిని మన భాషలో స్త్రీలింగ రూపము ఏర్పడలేదు.) తట్ట మోయునది మఱియొక తట్ట మోయుదానితో తన కూలిని పోల్చుకొనును, సమానమే యని తెలిసికొనును. ఫెస్టింగరు చెప్పినట్లే జరిగినది. కాని ఆమెకు 'తనవంటివారు' ఎవరో నిర్ణయించినది ఆమె మనస్సు గాదు, పని పంచిపెట్టిన గుత్తదారు.

క్రాస్బీ సిద్ధాంతమునకు వెలితి యిచ్చటనే. ఆమె ఒకే హోదాగల స్త్రీపురుషులను ప్రక్కప్రక్కన నిలిపి కొలిచినది. మనవారి విషయమున అట్లు నిలుపుటకే వీలు లేదు. నూలు మిల్లులను చూడుడు. 1920 ప్రాంతములలో ముంబయి మిల్లు కార్మికులలో స్త్రీలు సుమారు ఐదవ వంతు. వారిలో అత్యధికులు నూలు చుట్టు శాఖలలోని వారే. మగ్గముల శాఖ పురుషులది. కరీంనగరము, నిజామాబాదు, నల్లగొండ, పాలమూరు ప్రాంతములనుండి వచ్చిన పద్మశాలీలు పెక్కుమంది అందు కుదిరిరి. ఈ యేర్పాటు పద్మశాలి కుటుంబమునకు క్రొత్త గాదు. ఊరిలో మగ్గము గుంటలో కూర్చుండువాడు పురుషుడు. కండెలు చుట్టుట, ఆసు పోయుట ఇంటి ఆడువారి వంతు. బట్ట అమ్మగా వచ్చిన సొమ్ము నేసినవానిది. కండె చుట్టిన చేతికి వేఱుగా లెక్క లేదు. ఊరిలో లెక్కయే లేని పనికి మిల్లులో కూలి యిచ్చినపుడు, అది తక్కువ యని తోచుట యెట్లు? లేనిదానితో పోల్చిన ఉన్నది మేలే గదా!

ఆ కొంచెమును నిలువలేదు. 1929లో బొంబాయి రాజధానిలో ప్రసూతి సౌకర్యపు చట్టము వచ్చెను; దాని భారము యజమానిపై పడగా, స్త్రీలను చేర్చుకొనుటకు వెనుకాడిరి. రాత్రిపని నిషేధము, క్రొత్త చుట్టు యంత్రములు తోడై, స్త్రీల సంఖ్య క్రమముగా తగ్గినది. సమాన వేతన చట్టము 1976లో వచ్చునప్పటికి, పురుషునితో సమానమని చూపదగిన మిల్లు పని స్త్రీ చేతిలో స్వల్పముగనే మిగిలినది. ఆ చట్టము ఒకే విధమైన పనికి ఒకే వేతన మనెను. పనులనే వేఱుచేసి యుంచిన చోట దానికి పట్టు చిక్కదు.

మిల్లు తలుపు మూసికొనగా ఇంటి గుమ్మమే కార్ఖానా యైనది. తునికాకు కత్తిరించుట, పొగాకు నింపుట, చుట్టుట, దారము కట్టుట: బీడీ పని మన స్త్రీలకు బాగుగా తెలిసిన పని. వేయింటికి ఇంత యని కూలి. బాగులేదని తీసివేసిన బీడీలకు కూలి లేదు. ఇందు స్త్రీపురుషులకు వేఱు రేటు లేదు గనుక అన్యాయము లేదనువారు గలరు. ఆ పనిని 'తీరిక వేళ పని' యని పిలుచుటలోనే అన్యాయ మున్నది. వంట, నీళ్లు, బిడ్డలు అన్నియు ముగిసిన పిదప మిగిలిన వేళకు తీరిక యని పేరు పెట్టినవాడు పురుషుడే యై యుండవలెను.

1920ల దశాబ్దిలో కట్టిన బి.డి.డి. చాళ్లలో ఒక్కొక్క అంతస్తున 20 గదులు, ఒక్కొక్క గది సుమారు 160 చదరపు టడుగులు. గది యింత చిన్నదైనపుడు బ్రతుకంతయు వరండాలోనే. అచ్చట ఒకతె యెన్ని వందలు చుట్టినదో మఱియొకతెకు తెలియకుండునా? పోలిక లేదనుట పొరపాటు, కావలసినంత కలదు. కాని అది యడ్డముగా సాగును, నిలువుగా సాగదు. 'పొరుగు వదినె నాకంటె వంద యెక్కువ చుట్టెను' అను చింత గలదు. 'నా పనికి కట్టిన వెల సరియేనా?' యను ప్రశ్న పుట్టుటకు ఆ వరండాలో చోటు లేదు.

కామాఠీపురమున మఱియొక చిక్కు. ఆ పేట పేరు క్రమముగా వేశ్యావాటికకు పర్యాయపదమైనది. అందుచే కష్టించి జీవించు తెలుగింటి ఇల్లాలు తన కూలి నెంచుకొనుటకు ముందు తన మర్యాదను కాపాడుకొనవలసి వచ్చెను. అదే సందులో, ఒకే కుళాయి నీరు త్రాగుచు బ్రదుకు ఆ యితర స్త్రీలతో తన్ను పోల్చుకొనుట కాదు, వేఱుగా చూపుకొనుటయే ఆమెకు పని. బయటి కూలికి పోక గుమ్మము లోపల బీడీలు చుట్టుట గౌరవమని తోచుటకు ఇదియు నొక కారణమని నా యభిప్రాయము. ఆ గౌరవపు లాభము బీడీ వ్యాపారికి చేరినది.

1982 జనవరి 18న దత్తా సామంత్ నాయకత్వమున మిల్లుల సమ్మె మొదలైనది. సుమారు రెండున్నర లక్షలమంది పనివారు అందు పాల్గొనిరి. పెక్కుమందికి మరల పని దొరకలేదు. మగవాని పతనమునుగూర్చి గ్రంథములు, నాటకములు, చలనచిత్రములు వచ్చినవి. నిన్నటి తనతో నేటి తన్ను పోల్చుకొని అతడు పడిన వేదనను అందఱును గుర్తించిరి. ఆ యేండ్లలో పొయ్యి ఆరకుండ కాపాడినది బీడీయు, కుట్టుపనియు, పరుల యిండ్ల పాచిపనియు. ఈ భారమునకు లేమి యను పేరైనను దక్కలేదు. పడిపోవుటకు ఆమె ముందుగా ఎత్తున నున్నది గాదు గదా!

తులన యను మాటనే గ్రంథనామముగా చేసికొన్న స్త్రీ మహారాష్ట్రమున నుండెను. తారాబాయి శిందే 1882లో 'స్త్రీ పురుష తులనా' ప్రకటించినది. పలువురు నిందింపగా ఆమె పక్షమున నిలిచినవాడు జ్యోతిరావు ఫులే. ఆ ఫులే సత్యశోధక సమాజమునకు ముంబయిలో అండయైన వారిలో మన కామాఠీ గుత్తదారులు, వెంకు బాలోజీ కాలేవార్, జాయా కరాడీ లింగు మున్నగువారు గలరు. బ్రాహ్మణాధిక్యముతో తమ స్థితిని పోల్చి ప్రశ్నించిన ఆ పెద్దలను మనము తలచుకొనుట న్యాయమే. వారి కట్టడములలో తట్టలు మోసిన స్త్రీలను అదే తూనికలో ఉంచి చూచిన సంచిక ఒక్కటియు నా కంటబడలేదు.

పోలిక ఒంటరి మనస్సులో పుట్టదనుటకు షోలాపురము సాక్ష్యము. అచ్చటి బీడీ కార్మికులలో తెలుగు పద్మశాలి స్త్రీలు వేలకొలది. వారి బ్రతుకు మన చాళ్ల స్త్రీల బ్రతుకుకంటె సుఖమైనది కాదు. చేతిలోని తునికాకు ఒక్కటే. కాని వారు కార్మిక సంఘముగా కూడిరి, కనీస వేతనమునకై వీథి కెక్కిరి. 2006లో కుంభారి యొద్ద గోదూతాయి పరూళేకర్ పేర 10,000 ఇండ్ల కాలనీ వారికి దక్కినది. ముంబయిలో గుమ్మమునకు గుమ్మము వేఱై, ఒక్కొక్కతె తన కట్టలు తాను లెక్కించుకొనుచుండగా, షోలాపురమున ఆ లెక్కను పదిమందియు కలిసి వేసిరి.