కళాకారుల జీవితాలు – డాక్యుమెంటరీ బాధ్యత: ‘ది ఇన్నర్ ఐ’, ‘బాల’ చిత్రాల పరిశీలన

ఉపోద్ఘాతం

కళాకారుల జీవితాన్ని చిత్రించే డాక్యుమెంటరీకి రెండు బాధ్యతలున్నాయి. మొదటిది జీవితాన్ని కథనం చేయడం. రెండవది కళను భద్రపరచడం. ఈ రెండూ అన్నివేళలా పొసగవు. సత్యజిత్ రాయ్ రూపొందించిన ‘ది ఇన్నర్ ఐ’ (1972), ‘బాల’ (1976) చిత్రాలను పోల్చి చూస్తే ఈ వైరుధ్యం స్పష్టమవుతుంది. మొదటిది చిత్రకారుడు బినోద్ బిహారీ ముఖర్జీని గురించినది. రెండవది భరతనాట్య కళాకారిణి టి. బాలసరస్వతిని గురించినది.

నిలిచి ఉండే కళ

రాయ్ 1940లో శాంతినికేతన్ కళాభవన్‌లో చేరి బినోద్ బిహారీ వద్ద చిత్రకళను అభ్యసించారు. బాల్యం నుండి దృష్టిలోపం ఉన్న ఆ గురువు 1950వ దశకంలో చూపును పూర్తిగా కోల్పోయారు. అయినా సృజనను విడిచిపెట్టలేదు. ఇటువంటి ఇతివృత్తం సులభంగా జాలికథగా మారగలదు. రాయ్ అంధత్వాన్ని విషాదాంతంగా గాక, కళాసాధనలో వచ్చిన ఒక మలుపుగా చూపారు. హిందీభవన్ గోడలపై మధ్యయుగ భక్తకవులను చిత్రించిన కుడ్యచిత్రం వెంట కెమెరా నెమ్మదిగా సాగుతుంది. బొమ్మ కదలదు, కెమెరా కదలికే ప్రేక్షకుని చూపును నడిపిస్తుంది. ఆ కుడ్యచిత్రం శాంతినికేతన్‌లోనే ఉంది. కనుక రాయ్ చూపకుండా వదిలినదాన్ని పరిశోధకుడు స్వయంగా వెళ్ళి చూడగలడు.

గతించిపోయే కళ

నాట్యానికి ఆ వెసులుబాటు లేదు. వీణ ధనమ్మాళ్ మనుమరాలైన బాలసరస్వతి (1918–1984) క్షేత్రయ్య పదాల అభినయానికి ప్రసిద్ధురాలు. చిత్రీకరణ నాటికే ఆమెకు యాభై ఏళ్ళు దాటాయి. అంతకుముందరి ప్రదర్శనలలో అధికభాగం చూసినవారి జ్ఞాపకాలకే పరిమితం. అందువల్ల రాయ్ కెమెరా ఎన్నుకున్నదే తరువాతి తరానికి ముఖ్యాధారమవుతుంది.

‘కృష్ణా నీ బేగనె బారో’ అనే కన్నడ కీర్తనకు ఆమె అభినయాన్ని రాయ్ సముద్రతీరంలో చిత్రీకరించారు. అలలు, ఆకాశం, గాలికి ఎగిరే చీర దృశ్యానికి శోభ కూర్చాయి. అయితే ఆ కీర్తన తల్లికి తన నోట జగత్తును చూపిన బాలకృష్ణునిది. అక్కడ లేని బాలుని, అతని నోటిలోని జగత్తును నర్తకి కనుచూపుతో, చేతివేళ్ళతో కల్పించాలి. ఖాళీ రంగస్థలం ఆ కల్పనకు చోటిస్తుంది. నిజమైన సముద్రం దానితో పోటీ పడుతుంది. గాలికి చెదిరే చీర హస్తాభినయాన్ని గమనించనీయదు. దర్శకుని సౌందర్యదృష్టి నర్తకి కళకు సహకరించవలసిన చోట దానికి అడ్డువచ్చింది.

ముగింపు

ఈ భేదానికి కారణం దర్శకుని గౌరవభావంలో లోపం కాదు. రెండు కళల స్వభావం వేరు. కృతి నిలిచి ఉన్నప్పుడు డాక్యుమెంటరీ వ్యాఖ్యానంగా ఉండవచ్చు. కృతి కళాకారుని దేహంతోపాటే గతించేదైనప్పుడు అది ముందుగా సాక్ష్యం కావాలి. తెలుగునాట పదాభినయ సంప్రదాయానికి చెందిన వృద్ధ కళాకారిణులను చిత్రీకరించేవారు ఈ తారతమ్యాన్ని గుర్తించాలి. కదలని కెమెరా, ఖాళీ నేపథ్యం, మధ్యలో కత్తిరించని సంపూర్ణ పదం – అందంలో ఇవి వెలితిగా తోచినా, రేపటి అధ్యయనానికి ఆధారమయ్యేవి ఇవే.