లాంచీ దిగని చూపు: శేఖర్ కమ్ముల ‘గోదావరి’

దర్శక రచయిత శేఖర్ కమ్ముల ‘డాలర్ డ్రీమ్స్’ (2000), ‘ఆనంద్’ (2004) చిత్రాల్లో నగర మధ్యతరగతి జీవితాన్ని చిత్రించారు. ‘గోదావరి’ (2006)లో ఆ మధ్యతరగతినే నది మీదికి తెచ్చారు. రాజమండ్రి నుంచి భద్రాచలానికి సాగే లాంచీ ప్రయాణం ఈ కథకు చట్రం. బాపు-రమణల ‘అందాల రాముడు’ (1973) సాగిన జలమార్గమూ ఇదే. లాంచీలో శ్రీరామ్, సీతామహాలక్ష్మి ఒకరినొకరు తప్పించుకోలేరు. వారి అహాలు కరగడానికి ఆ ఇరుకే కారణం. కథన నిర్మాణంలో ఇది కమ్ముల సాధించిన విజయం.

అయితే చిత్రం చూపు లాంచీ దిగదు. పాపికొండలు కనువిందు చేస్తాయి గాని, ఆ అడవి అంచున బతికే కోయల, కొండరెడ్ల జీవితం కథను నడిపించదు. ప్రజాసేవకై రాజకీయాల్లోకి రాదలచిన నాయకుడి కథలో ఇది చిన్న లోపం కాదు. 2014లో పోలవరం ముంపు మండలాలు ఖమ్మం జిల్లా నుంచి ఆంధ్రప్రదేశ్‌లో కలిశాయి. భద్రాచలం పట్టణం తెలంగాణలోనే నిలిచింది. తెరపై అందమైన నేపథ్యంగా మిగిలిన ఆ తీరంలోని ఊళ్లు ముంపు జాబితాకెక్కాయి. కనుక ‘గోదావరి’ని ప్రేమకథగా మాత్రమే బోధించడం ఇక చాలదు. లాంచీలో ఎవరున్నారన్న ప్రశ్నతోపాటు, గట్టున ఎవరు మిగిలారన్నదీ విమర్శ అడగాలి.