నీళ్లు పోతేనే కరకర

ఎండాకాలం ఆలుగడ్డ చిప్స్ పెట్టే ఇళ్లలో పని తెల్లవారకముందే మొదలవుతుంది. గడ్డల పొట్టు తీసి, పలుచగా బిళ్లలు కోసి, నీళ్లు తేటగా కనిపించేదాకా రెండు మూడుసార్లు కడుగుతారు. మరిగే ఉప్పునీళ్లలో చిటికెడు పటిక వేసి, బిళ్ల మెత్తబడీ మెత్తబడకముందే దించి వార్చేస్తారు. ఎండ ఎక్కేసరికి డాబా మీద పాత నూలుచీర పరిచి, ఒకదానికొకటి అంటకుండా ఒక్కో బిళ్లనూ విడిగా పెడతారు. బాగా ఎండి గలగలలాడాక డబ్బాకెత్తితే, వానాకాలంలో పప్పుచారు పక్కకు వస్తాయి. వార్చడం, పరచడం రెండూ ఒక్క పని కోసమే: గడ్డలో ఉన్న నీళ్లను బయటికి పంపడం.

ఆలుగడ్డలో అయిదింట నాలుగు వంతులు నీళ్లే. ఆ నీళ్లు పైపొరలో ఉన్నంతసేపు ముక్క ఎంత మంట మీద ఉన్నా దాని ఒంటి వేడి 100 డిగ్రీలు దాటదు. వేడంతా ఆవిరి చేయడానికే ఖర్చయిపోతుంది. పైపొర ఆరిన తర్వాతే వేడి 120, 140 డిగ్రీలకు ఎక్కి, బంగారు రంగు, వేపుడు వాసన, కరకర పుడతాయి. మూకుడులో కాగే నూనె ఆ నీటిని నిమిషాల్లో తరిమేస్తుంది. ఓవెన్‌లోని వేడిగాలికి అంత బలం లేదు. అందుకే ఓవెన్‌లో చేసే ఆలుగడ్డ వేళ్లకు, అంటే ఫ్రెంచ్ ఫ్రైస్‌కు, సగం పని ఓవెన్ తలుపు తీయకముందే జరిగిపోవాలి. ఆ సగం పని మన డాబాల మీద ఎప్పటినుంచో ఉన్నదే. చిప్స్ పెట్టడం తెలిసిన చేతికి ఓవెన్ ఫ్రైస్ కొత్త విద్య కాదని నా గట్టి నమ్మకం.

లక్డారం లాంటి ఊళ్లో ఈ మాటకు విలువ ఇంకా ఎక్కువ. పటాన్‌చెరు మండలంలో అది రాతి క్వారీల ఊరు. క్రషర్లు నడిచే చోట గాలిలో రాతిపొడి ఉంటుంది, కంకర టిప్పర్లు తిరిగే దారి పొడుగునా లేస్తుంది. తడి బిళ్లల్ని రోజుల తరబడి ఆరుబయట పరచడానికి అక్కడ ఏ ఇల్లాలికి మనసొప్పుతుంది? డాబా చేసే పనిని తలుపు మూసిన చిన్న పెట్టె చేయగలిగితే, అది ఒక వంటింటి విద్యను దుమ్ము పాలు కాకుండా లోపలికి తెచ్చుకోవడమే. కేకుల కోసం కొని, రెండు పుట్టినరోజుల తర్వాత అటక ఎక్కించిన ఓటీజీ, అంటే చిన్న కరెంటు ఓవెన్, ఈ పనికి చాలు.

ఓవెన్ వైపు మళ్లడానికి దుమ్ము ఒక కారణమైతే, రెండో కారణం నూనె. షిఫ్టు దిగి వచ్చేవాళ్ల ఆకలి ఆగదు. కంపెనీ గేట్ల ముందు, బస్టాపుల దగ్గర బజ్జీలు వేడివేడిగా దొరుకుతాయి. అదే నూనె మళ్లీమళ్లీ కాగితే అందులో పోలార్ పదార్థాలు పేరుకుంటాయి. అవి 25 శాతం దాటిన నూనెను వాడకూడదని ఆహార భద్రతా ప్రమాణాల సంస్థ 2018 జూలై నుంచి నిబంధన పెట్టింది. బండి మీది మూకుడులో ఆ లెక్క కంటికి కనపడదు. ఇంట్లో అయితే అర కిలో గడ్డలకు రెండు పెద్ద చెంచాల పల్లి నూనె పడుతుంది, ఒక్కసారే కాగుతుంది, గిన్నెలో మిగలదు.

గడ్డ కూడా దూరం నుంచి రానక్కర్లేదు. లక్డారం ఉన్న సంగారెడ్డి జిల్లాలోనే, 65వ నంబరు జాతీయ రహదారి మీద పడమటికి పోతే జహీరాబాద్ వస్తుంది. తెలంగాణలో ఆలుగడ్డకు పేరున్న నేల అదే. చలికాలపు పంట, అక్టోబరు, నవంబరుల్లో నాటితే సంక్రాంతి తర్వాత గడ్డ తవ్వుతారు. అలా నేల నుంచి నేరుగా వచ్చిన గడ్డకు, ఆ తర్వాతి నెలల్లో ఉత్తరాది కోల్డ్ స్టోరేజీల నుంచి వచ్చే గడ్డకు పొయ్యి మీద చాలా తేడా ఉంటుంది. కూరకు ఈ తేడా పెద్దగా తెలియదు, ఫ్రైస్‌కు ప్రాణం మీదికి వస్తుంది.

రెండు నుంచి నాలుగు డిగ్రీల చలిలో నిల్వ ఉంటే ఆలుగడ్డ తనలోని పిండిని కొద్దికొద్దిగా చక్కెరగా మార్చుకుంటుంది. ఆ చక్కెర ఓవెన్ వేడికి తొందరగా మాడుతుంది. లోపల ఉడకకముందే అంచులు నల్లబడి చేదెక్కుతాయి. ఇంట్లో ఫ్రిజ్‌లో పెట్టినా అదే గతి. కాబట్టి ఆలుగడ్డను ఫ్రిజ్‌లో పెట్టవద్దు. గంపలో, గాలి తగిలే చీకటి మూలన ఉంచండి. కోల్డ్ స్టోరేజీ గడ్డ అనిపిస్తే అదే గంపలో వారం పది రోజులు ఆగనివ్వండి. చేరిన చక్కెరలో కొంత తగ్గుతుంది. పచ్చరంగు తిరిగిన గడ్డను మాత్రం ఏ వంటకూ వాడవద్దు, అందులో సొలనిన్ అనే విషం చేరి ఉంటుంది.

రకాల సంగతీ ఉంది. 1949లో పాట్నాలో మొదలై 1956లో సిమ్లాకు మారిన కేంద్రీయ ఆలుగడ్డ పరిశోధన సంస్థ తన రకాలన్నిటికీ ‘కుఫ్రీ’ అని ముందు పెడుతుంది. కుఫ్రీ సిమ్లా పక్కన కొండ ఊరు. చిప్స్ కోసమే తయారుచేసిన కుఫ్రీ చిప్సోనా 1998లో వచ్చింది, ఫ్రైస్ కోసం తర్వాత కుఫ్రీ ఫ్రైసోనా వచ్చింది. ఈ రకాల్లో నీరు తక్కువ, పిండి ఎక్కువ: మంచి ఫ్రైస్‌కు గడ్డలో నూటికి 20 పాళ్లయినా పొడిపదార్థం ఉండాలంటారు. అంగట్లో గడ్డ రకం ఎవరూ చెప్పరు. ఇంట్లోనే చూసుకోవచ్చు. ఒక కప్పు ఉప్పుకు పదకొండు కప్పుల నీళ్లు కలిపి అందులో గడ్డ వేయండి. మునిగితే పిండి గడ్డ, ఫ్రైస్‌కు తీయండి. తేలితే నీటి గడ్డ, కూరకు పక్కన పెట్టండి.

ఇక చేతిపని. ముక్కలు చిటికెన వేలంత మందాన, అంటే ఒక సెంటీమీటరు, అన్నీ ఒకే తీరుగా ఉండాలి. సన్నవి మాడతాయి, లావువి లోపల పచ్చిగా ఉంటాయి. కోసిన ముక్కల్ని నీళ్లలో వేస్తే తెల్లగా దిగేది తెగిన కణాల పిండి. అది మిగిలితే ముక్కలు ఒకదానికొకటి అతుక్కుంటాయి, రంగు మచ్చలుగా తిరుగుతుంది. నీళ్లు తేటపడేదాకా కడిగి, ఓ అరగంట చల్లని నీళ్లలో వదిలేయండి.

తర్వాతిదే అసలైన మెట్టు, చాలామంది దాటేసేది: ఉడకబెట్టడం. మరిగే నీళ్లలో ఉప్పుతోపాటు లీటరుకు ఒక పెద్ద చెంచా వెనిగర్ గానీ నిమ్మరసం గానీ వేయాలి. ఎందుకో పులుసు పెట్టిన ప్రతివారికీ తెలుసు: ముక్క ఉడకకముందే చింతపండు రసం పోస్తే ఆ ముక్క ఇక ఎంతసేపటికీ మెత్తబడదు. కణాల్ని పట్టి ఉంచే పెక్టిన్ పులుపులో తొందరగా కరగదు. పులుసులో మనం తప్పించుకునే ఆ గుణమే ఇక్కడ కావాలి. ముక్క లోపల ఉడకాలి, రూపం చెదరకూడదు. మరుగు మళ్లీ వచ్చాక ఆరేడు నిమిషాలు చాలు. కత్తి మొన గుచ్చితే దిగాలి, ఎత్తితే విరగకూడదు. ఈ ఉడుకులో రెండు లాభాలున్నాయి. పైపొరలోని చక్కెర కొంత నీళ్లలోకి దిగిపోతుంది. పైపొర పిండి జావలా ఉబ్బి ముక్కకు తొడుగులా పడుతుంది. అది ఆరినప్పుడు గట్టి పొరవుతుంది. బెల్జియంలో ఫ్రైస్‌ను రెండుసార్లు వేయించేది ఇందుకే. మొదటి వాయి తక్కువ వేడిలో ఉడకడానికి, రెండో వాయి ఎక్కువ వేడిలో కరకర కోసం. మనం మొదటి వాయిని నీళ్లలో కానిస్తున్నాం.

గంజి వార్చినట్టు వార్చి, నూలుగుడ్డ మీద ముక్కల్ని విడివిడిగా పరచండి. ఫ్యాను కింద పది పదిహేను నిమిషాలు. తడి మెరుపు పోయి, పైన సుద్ద పూసినట్టు కనిపించాలి. మన ప్రాంతపు ఎండాకాలపు పొడిగాలికి ఇది ఇట్టే అయిపోతుంది. ముసురు పట్టిన రోజున ఓపిక పట్టాలి. ఈ ఆరబెట్టడంలో తొందరపడితే తర్వాత ఓవెన్‌ను ఎంతసేపు తిప్పినా లాభం లేదు.

ఆరిన ముక్కలకు అర కిలోకు రెండు పెద్ద చెంచాల నూనె, ఒక పెద్ద చెంచా బియ్యప్పిండి పట్టించాలి. బజ్జీల పిండిలో బియ్యప్పిండి ఎందుకు కలుపుతామో ఇక్కడా అందుకే. కారం ఇప్పుడు వేయవద్దు, మాడి దగ్గు తెప్పిస్తుంది.

ఓవెన్‌ను 220 డిగ్రీలకు పెట్టి, పైరాడ్డు కిందిరాడ్డు రెండూ వెలిగించి, ఖాళీ ట్రేను కూడా లోపలే ఉంచి పదిహేను నిమిషాలు కాగనివ్వండి. వేడెక్కిన ట్రే మీద ముక్క పడగానే చుయ్యిమనాలి. ముక్కకూ ముక్కకూ మధ్య వేలు పట్టేంత సందు ఉండాలి. కుక్కి పెడితే ఒకదాని ఆవిరికి ఇంకొకటి ఉడుకుతుంది. ఓటీజీ చిన్నది కాబట్టి అర కిలో రెండు వాయిలవుతుంది. ఇరవై నిమిషాల దాకా కదిలించవద్దు. అడుగు ఎర్రబడితే ముక్క తనంతట తానే ట్రేను వదులుతుంది, అప్పుడు తిప్పాలి. బలవంతంగా గీకితే పొరంతా ట్రేకు అంటుకుపోతుంది. ఆ తర్వాత మరో పది పదిహేను నిమిషాలు. చివర్లో ఒకటి రెండుసార్లు తలుపు కొంచెం తీసి ఆవిరిని వదలండి. చవక ఓటీజీల మీద డిగ్రీల అంకె నమ్మదగింది కాదు, రంగునే నమ్మండి.

ఆ రంగు లేత బంగారు రంగు దగ్గరే ఆగాలి. పిండిపదార్థాల్ని బాగా ఎర్రగా వేయించినా కాల్చినా అక్రిలమైడ్ అనే రసాయనం పుడుతుందని 2002లో స్వీడన్ శాస్త్రవేత్తలు బయటపెట్టారు. ఆలుగడ్డలోని ఆస్పరజిన్, చక్కెర 120 డిగ్రీలు దాటిన వేడిలో కలిసినప్పుడు అది తయారవుతుంది. కాన్సర్ కారకం కావచ్చని దాని మీద అనుమానం. ఓవెన్‌లో చేసినంత మాత్రాన అది రాదనుకోకూడదు. నూనె తగ్గిందని మాడిన ముక్కను మంచిదనుకోవడం పొరపాటు. ఫ్రిజ్‌లో పెట్టని గడ్డ, నానబెట్టడం, ఉడకబెట్టడం, లేత రంగు దగ్గర ఆపడం: రుచి కోసం చేసిన ఈ పనులే దాన్నీ తగ్గిస్తాయి.

ఇవి మూకుడులో తేలిన ఫ్రైస్‌కు అచ్చంగా సాటి అని నేను అనను. నూనెలో మునిగిన ముక్కకు చుట్టూ ఒకే పొర వస్తుంది. ఓవెన్ ముక్కకు ట్రేకు తగిలిన వైపులు గట్టిగా, మిగతా వైపులు కాస్త మెత్తగా ఉంటాయి. కానీ వీటిలో గడ్డ రుచి నాలుకకు తెలుస్తుంది. జహీరాబాద్ కొత్త గడ్డతో చేసిన రోజున ఆ రుచి నాకు మూకుడు ఫ్రైస్ కంటే ఎక్కువ ఇష్టం.

దించగానే, నూనె తడి ఉండగానే ఉప్పు, కారం చల్లండి. కరివేపాకు పొడి అయినా, వెల్లుల్లి వేసి దంచిన పల్లీల కారం అయినా బాగుంటుంది. టమాటా సాస్ పిల్లలకు వదిలేసి, పెద్దవాళ్లు వేడన్నంలో పచ్చిపులుసు పోసుకుని పక్కన ఇవి పెట్టుకోవాలి. పచ్చి ఉల్లిగడ్డ, చింతపండు పులుపుల మధ్య ఈ కరకర ఎంత బాగా కుదురుతుందో తింటేనే తెలుస్తుంది. మూత పెట్టవద్దు, స్టీలు డబ్బాలో వేడిగా సర్దవద్దు. లోపలి ఆవిరి పైపొరను తడిపి పది నిమిషాల్లో మెత్తబరుస్తుంది.

ఇంట్లో ఒకరు పగటి షిఫ్టు, ఒకరు రాత్రి షిఫ్టు అయితే అందరికీ ఒకే వేళ వేడిగా పెట్టడం కుదరదు. అందుకు ఫ్రైస్ కంపెనీల దారే పట్టవచ్చు. ఉడికించి ఆరబెట్టిన ముక్కల్ని పళ్లెంలో విడివిడిగా పరిచి ఫ్రీజర్‌లో గడ్డకట్టించి, తర్వాత సంచిలో కట్టిపెట్టండి. గడ్డకట్టేటప్పుడు ఏర్పడే మంచు పలుకులు కణాల గోడల్ని చీలుస్తాయి, ఓవెన్‌లో నీళ్లు ఇంకా తేలిగ్గా బయటపడతాయి; అలా చేసిన ముక్క తాజాదానికన్నా గట్టిగా కరకరలాడుతుంది. కరగనివ్వకుండానే నూనె, బియ్యప్పిండి పట్టించి కాగిన ట్రే మీదికి ఎక్కించాలి, ఇంకో అయిదు నిమిషాలు ఎక్కువ ఉంచాలి.