దశాంశముల వర్గమూలము: సూత్రము చాలునా?

ఉన్నత పాఠశాల విద్యార్థులను 0.9 యొక్క వర్గమూలమెంత అని అడిగి చూడుడు. తడుముకొనక 0.3 అని చెప్పువారు పెక్కుమంది కనబడుదురు. 0.3 ను 0.3 చేత గుణించినచో 0.09 వచ్చును గాని 0.9 రాదు. ఈ పొరపాటునకు విద్యార్థిని నిందించుట తగదు. లోపము మనము బోధించు తీరులోనే ఉన్నది.

సాధారణముగా మనము చెప్పు సూత్రమిది: దశాంశ బిందువు నుండి ఎడమకును, కుడికిని రెండేసి అంకెలను జతలు చేయవలెను, కుడి చివర ఒక్క అంకె మిగిలినచో దాని ప్రక్కన సున్న చేర్చవలెను. సూత్రము నిర్దుష్టమైనదే. కాని బిందువు నుండియే ఏల మొదలుపెట్టవలెను? సున్న ఏల చేర్చవలెను? ఈ ప్రశ్నలకు సమాధానము చెప్పని పాఠము విద్యార్థికి ఒంటపట్టదు. పరీక్షతోనే మరపునకు వచ్చును.

హేతువు కష్టమైనది కాదు. 10 వర్గము 100. 100 వర్గము 10,000. అనగా మూలములో ఒక స్థానమునకు వర్గములో రెండు స్థానములు. హారము 10 అయినచో దానికి పూర్ణాంక మూలము లేదు. 100 అయినచో ఉన్నది. అందుచేతనే 0.9 ను 90/100 గా వ్రాయవలెను. సున్న చేర్చుటకు అర్థమిదే. 90 యొక్క మూలము 9కి, 10కి నడుమ ఉండును; కనుక 0.9 యొక్క మూలము 0.9 కంటె ఎక్కువ, 1 కంటె తక్కువ. మరి రెండు సున్నలు చేర్చి 9000/10000 గా వ్రాసినచో, 94 వర్గము 8836, 95 వర్గము 9025. కావున మూలము 0.94కు, 0.95కు మధ్యనున్నది. ఇట్లు ఎంత సూక్ష్మముగా కావలెనన్న అంత సూక్ష్మముగా పోవచ్చును.

ఈ యుక్తి మనకు క్రొత్తది కాదు. ఆర్యభటీయములోని గణితపాదము స్థానములను వర్గ, అవర్గములని విభజించియే మూలము తీయుట నేర్పినది. భాస్కరాచార్యుడు 1150లో రచించిన లీలావతిలో ఒక లంబకోణ త్రిభుజమున్నది. దాని భుజము, కోటి రెండును మూడుంబావు. కర్ణవర్గము 169/8. ఆయన లవహారములను గుణించి 1352 చేసి, దానిని 10,000 చేత హెచ్చించి, 1,35,20,000కు దగ్గరి మూలము 3677 గ్రహించి, 800 చేత భాగించెను. ఫలము 4 477/800. దశాంశ బిందువు లేకయే దశాంశ గణితము జరిగినది!

అయినను లీలావతిని విమర్శింపకుండ మెచ్చుకొనుటయు సరికాదు. అందును సూత్రమే గాని హేతువు లేదు. ఉపపత్తుల కొరకు 1545 నాటి గణేశ దైవజ్ఞుని వ్యాఖ్యానము వంటివి చూడవలసియున్నది. ఫలము ఎంత దగ్గరయో కూడ సూత్రము చెప్పదు. మనమే సరిచూతము: 3677 వర్గము 1,35,20,329. కోరినదానికంటె 329 అధికము. 3676 వర్గము 7,024 తక్కువ. కావున 3677 గ్రహించుట యుక్తమే. కాని అసలు కర్ణము దీనికంటె లేశము చిన్నది.

నేడు యంత్రము మీట నొక్కగనే మూలము చూపును. కాని మీట తప్పుగా నొక్కినచో ఆ తప్పును పట్టుకొనవలసినది మన బుద్ధియే. కావున ఉపాధ్యాయులు జతల సూత్రమునకు ముందే 0.4, 2.5, 0.09 వంటి సంఖ్యలనిచ్చి, మూలము ఏ రెండింటి నడుమ ఉండునో చెప్పించవలెను. వచ్చిన ఫలమును వర్గించి సరిచూపించవలెను. ఆ పని జరిగిననాడు 0.9కి మూలము 0.3 అను విద్యార్థి తన తప్పును తానే దిద్దుకొనును.