పాట నుంచి మౌనానికి: నర్సింగరావు చిత్రాలు

'మాభూమి' నిర్మాతల్లో ఒకరైన బి. నర్సింగరావు 'దాసి' దగ్గరికి వచ్చేసరికి పోరాటాన్ని వదిలి సౌందర్యం వైపు జరిగారని మనలో కొందరి అభిప్రాయం. దీన్ని పరిశీలించవలసి ఉంది. ఇది ఒక దర్శకుడి మీద తీర్పు మాత్రమే కాదు; నిబద్ధ కళ అంటే ఏమిటన్న ప్రశ్న.

1979-80 నాటి 'మాభూమి'కి గౌతమ్ ఘోష్ దర్శకుడు. నర్సింగరావు రచనలోనూ పాలుపంచుకున్నారు. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారం, తెలంగాణ సాయుధ పోరాటం వస్తువు. అక్కడ జనం తిరగబడతారు, గద్దర్ పాడతారు. చరిత్ర కదులుతున్నప్పుడు గొంతు విప్పడం సహజం.

1988లో నర్సింగరావు స్వయంగా దర్శకత్వం వహించిన 'దాసి' అంతకు ముందరి కాలానిది. గడీలో బతికే కమలాక్షికి దుఃఖం ఉంది, దాన్ని చెప్పుకునే చోటు లేదు. దొర పక్కకు పోవడం, అతిథుల దగ్గరికి పోవలసి రావడం, చివరకు కడుపు తీయించుకోవడం - ఏదీ ఆమె నిర్ణయం కాదు. అలాంటి మనిషి నోట ఉపన్యాసం పెడితే ప్రేక్షకుడు చప్పట్లు కొట్టి, మనసు తేలికపడి ఇంటికి పోతాడు. దర్శకుడు ఆ సౌకర్యం మనకివ్వలేదు. ఎ.కె. బీర్ కెమెరా, అర్చన ముఖం చెప్పవలసింది చెప్పాయి. ఇద్దరికీ జాతీయ పురస్కారాలు వచ్చాయి. ఆ మౌనం శిల్పం కోసం తెచ్చిపెట్టుకున్నది కాదు, వస్తువులోంచి పుట్టింది.

అయితే పరిమితి లేదనలేం. కథ ఎక్కువగా గడీలోనే నడుస్తుంది. భూమికీ గడీకీ ఉన్న ముడి తెలియని ప్రేక్షకుడు దీన్ని ఒక దొర దుర్మార్గంగానే చూసే ప్రమాదం ఉంది. ఆ ముడిని విప్పి చూపింది 'మాభూమి'. అందుకే ఈ రెండూ ఒకదాన్నొకటి ఖండించుకునే చిత్రాలు కావు, పూరించుకునేవి. పోరాటం ఎందుకు వచ్చిందో తెలియాలంటే అది రాకముందటి మౌనం తెలియాలి.

ఆ మౌనం గడీలతోనే పోలేదు. 1990 నాటి 'మట్టి మనుషులు' పల్లె వదిలి నగరంలో భవనాలు కట్టే కూలీల కథ. నేనుండే పెద్ద అంబర్‌పేట్ చుట్టూ లేస్తున్న భవనాల దగ్గర నేటికీ ఆ మనుషులే కనబడతారు. వాళ్ల పిల్లలు మా బడిలో చేరతారు; పని ముగియగానే మరో చోటికి తరలిపోతారు. హాజరు పట్టీలో పేరొక్కటే మిగులుతుంది. నినాదం తెలిసినంత మాత్రాన ఆ పేరు వెనుక ఉన్న బతుకు రచయితకు దొరకదు. దాని మౌనాన్ని వినగలగాలి. నర్సింగరావు నుంచి మనం నేర్చుకోవలసింది అదే.